ఫిల్ము కడిగినవాళ్లు
(తొలినాటి తెలుగు సినిమా మీద విజయవాడలో ఇచ్చిన ప్రసంగ పాఠం)

పెద్దలకు, మిత్రులకు నమస్కారం.

తొలినాటి తెలుగు సినిమా అనగానే మనకు అలవాటైన వరస ఒకటుంది. మొదటి మూకీ ఏది, మొదటి టాకీ ఏది, వేషాలు కట్టినవాళ్లెవరు, ఏ తేదీన విడుదలైంది. ఈ లెక్కలు కావలసినవే, వాటి దగ్గరికీ వస్తాను. కానీ ఆ తరం దేనితో కుస్తీ పట్టిందో ఆ వరసలో కనిపించదు. ఎండతో పట్టింది, నీళ్లతో పట్టింది, కరెంటుతో పట్టింది. కెమెరా తిప్పడం కొద్ది నెలల్లో నేర్చుకోవచ్చు. తీసిన ఫిల్మును మన ఎండల్లో చెడిపోకుండా కడగడం, కడిగినదాన్ని కరెంటు లేని ఊళ్లో తెర మీద ఆడించడం, ఈ రెండూ చేతనైనవాడే ఆ రోజుల్లో సినిమా మనిషి. అందుకే ఇవాళ ఎక్కువసేపు ఆ పనుల దగ్గరే ఉంటాను.

రఘుపతి వెంకయ్య గారితో మొదలుపెడదాం. 1869లో బందరులో పుట్టారు. మద్రాసు వెళ్లి మౌంట్ రోడ్డులో ఫొటో స్టూడియో పెట్టారు. 1910 ప్రాంతంలో క్రోనోమెగాఫోన్ అనే యంత్రాన్ని 30 వేల రూపాయలు పెట్టి తెప్పించారు. ఆ రోజుల్లో అది ఆస్తులు తాకట్టు పెడితే గాని పుట్టే డబ్బు కాదు. ఆ యంత్రం ఏం చేస్తుందంటే, ఒకవైపు ఫిల్ము ఆడుతుంది, మరోవైపు గ్రామఫోను పళ్లెం తిరుగుతుంది. రెండిటి వేగాన్నీ కలిపి నడిపితే తెర మీద మనిషి పాడినట్టు ఉంటుంది. పళ్లెం ధ్వని హాలంతా వినిపించడానికి గాలిని ఒత్తిడితో పంపి శబ్దాన్ని పెంచేవారు. ఒక్కో తునక మూడు నాలుగు నిమిషాలకు మించదు.

ఇందులో చిక్కు ఎక్కడ వస్తుందో చూడండి. ఫిల్ము తెగిందనుకోండి. అతికించేటప్పుడు రెండు కొసలూ కత్తిరించాలి, ఓ ఎనిమిది ఫ్రేములు, అంటే ఎనిమిది విడి బొమ్మలు, పోతాయి. సెకనుకు 16 ఫ్రేముల చొప్పున అది అర సెకను. పళ్లెంలో మాత్రం ఆ అర సెకను అలాగే ఉంటుంది. అక్కడి నుంచి చివరిదాకా నోరు ముందు కదులుతుంది, పాట వెనక వస్తుంది. దీనికి మందు ఒకటే, పోయినన్ని ఫ్రేముల నల్ల ఫిల్మును ఆ చోట లెక్కపెట్టి అతకడం. అర సెకను చీకటి వస్తుంది గాని పాట నిలబడుతుంది. గ్రామఫోను ముల్లు ఒక గాడి దాటినా ఇదే కథ, దానికి మాత్రం మందు లేదు. ఇలాంటి యంత్రాన్ని వెంకయ్య గారు మద్రాసులో గుడారం వేసి ఆడించడంతో ఆగలేదు. ఊళ్లు తిప్పారు, బర్మా, సింహళం దాకా తీసుకెళ్లారు. తర్వాత మద్రాసులో గెయిటీ, క్రౌన్, గ్లోబ్ హాళ్లు కట్టారు. ఆయన్ని తెలుగు సినిమా పితామహుడు అంటున్నాం. ఆ మాటకు నా సాక్ష్యం ఇది: సినిమా తీయకముందే సినిమా ఆడించడం అడుగు నుంచి తెలిసిన మనిషి ఆయన. కొడుకు సూర్యప్రకాశ్‌ను ఆ పని నేర్చుకోవడానికి ఇంగ్లండు పంపారు. తిరిగొచ్చాక తండ్రీకొడుకులు స్టార్ ఆఫ్ ది ఈస్ట్ కంపెనీ పేరుతో 1921లో ‘భీష్మ ప్రతిజ్ఞ’ తీశారు. భీష్ముడు సూర్యప్రకాశే.

ఇప్పుడు ఆ ‘తీశారు’ అన్న మాటలో ఎంత పని ఉందో విప్పి చూద్దాం.

35 మిల్లీమీటర్ల ఫిల్ములో అడుగుకు 16 ఫ్రేములు. ఫ్రేముకు రెండు పక్కలా నాలుగేసి చిల్లులు. కెమెరాకు మోటారు లేదు, చేత్తో తిప్పే పిడి ఉంటుంది. ఒక చుట్టుకు ఎనిమిది ఫ్రేములు కదులుతాయి. అంటే సెకనుకు రెండు చుట్లు, తప్పకుండా, తడబడకుండా. చెయ్యి నెమ్మదిస్తే వెలుగు ఎక్కువసేపు పడి బొమ్మ తెల్లబడుతుంది, పైగా తెర మీద మనుషులు పరుగెత్తినట్టుంటారు. తొందరపడితే బొమ్మ నల్లబడుతుంది. కెమెరామన్లు లోపల లెక్క పెట్టుకుంటూ తిప్పేవారు. కెమెరా లోపల వెలుగును మూసి తెరిచే షట్టరు సగం తెరుచుకునేదైతే ఒక్కో ఫ్రేము మీద వెలుగు పడేది సెకనులో 32వ వంతు. అప్పటి ఫిల్ముకు ఆ కాస్త సమయం చాలాలంటే సూర్యుడే కావాలి. అందుకే స్టూడియోలకు గాజు పైకప్పు, లేదా ఆరుబయట సెట్టు వేసి పైన పల్చటి మల్లు గుడ్డ. గుడ్డ లేకుండా మిట్టమధ్యాహ్నం తీస్తే కళ్ల కింద, ముక్కు కింద గుంటలు పడినట్టు నల్లటి నీడలు వస్తాయి. నీడ మెత్తబడడానికి పక్కన వెండి కాగితం అంటించిన పలకలు పెట్టేవారు. మబ్బు కమ్మితే ఆ పూట పని లేదు.

ఫిల్ము గుణం మరో పరీక్ష. 1920ల చివరిదాకా ఎక్కువ వాడింది ఆర్థోక్రోమాటిక్ ఫిల్ము. దానికి ఎరుపు కనపడదు, నీలం మహా బాగా కనపడుతుంది. పౌరాణికాలు తీసేవాడికి ఇదెంత ఇబ్బందో ఆలోచించండి. కుంకుమ బొట్టు నల్లచుక్క. తాంబూలం నమిలిన పెదవులు బొగ్గు పూసినట్టు. ఎర్ర చీర నల్ల చీర. రాముడికి, కృష్ణుడికి నాటకాల్లో పూసినట్టు నీలం రంగు పూస్తే తెర మీద తెల్లగా తేలిపోతారు. వెనక ఆకాశం కూడా తెల్లబడి మనిషి అంచు అందులో కలిసిపోతుంది. అందుకని రంగస్థలం మేకప్పు పెట్టెను పక్కన పడేసి, ఏ రంగు ఎంత బూడిదగా పడుతుందో ముందు ముక్క తీసి, కడిగి చూసుకుని గాని వేషం కట్టించకూడదు. ఒక్క మేలు మాత్రం ఉంది. ఎరుపు కనపడదు కాబట్టి ఎర్ర దీపం వెలుగులో ఫిల్ము కడుగుతూ బొమ్మ ఎంత ముదిరిందో కళ్లతో చూసుకోవచ్చు. తర్వాత వచ్చిన పాంక్రోమాటిక్ ఫిల్ముకు అన్ని రంగులూ కనపడతాయి, కాబట్టి కటిక చీకటి కావాలి, గడియారం, థర్మామీటరు నమ్ముకుని కడగాలి.

కడగడం దగ్గర కాస్త ఆగుతాను. ఈ పని గురించి రాసినవాళ్లు తక్కువ.

సుమారు 200 అడుగుల ఫిల్మును ఒక కొయ్య చట్రానికి వరసగా చుడతారు, ఒక చుట్టు ఇంకోదానికి తగలకూడదు. తగిలిన చోట మందు అందక మచ్చ పడుతుంది. ఆ చట్రాన్ని తొట్టిలో నిలువుగా దింపుతారు. మొదటి తొట్టి బొమ్మను తేల్చే మందు డెవలపరు, రెండోది నీళ్లు, మూడోది ఆ బొమ్మను నిలబెట్టే మందు హైపో, ఆ తర్వాత చాలాసేపు పారే నీళ్లు. డెవలపరు 18 నుంచి 20 డిగ్రీల సెంటీగ్రేడు దగ్గర ఉండాలి. ఇది విజయవాడ. రోహిణి కార్తెలో కుళాయి తిప్పితే చెయ్యి కాలే నీళ్లు వచ్చే ఊరు. బొమ్మను మోసే పొర జెలటిన్. వేడి నీళ్లలో అది ఉబ్బుతుంది, మెత్తబడుతుంది, అంచుల దగ్గర ముడతలు పడి ఊడి వస్తుంది. వేలు తగిలితే బొమ్మ చెరిగిపోతుంది.

మరి ఐసు వాడొచ్చు కదా అంటే, ఐసు గడ్డ తెచ్చి డెవలపరులో వేస్తే మందు పల్చబడి లెక్క తప్పుతుంది. తొట్టిని ఇంకో పెద్ద తొట్టిలో పెట్టి, మధ్యలో ఐసు, ఉప్పు వెయ్యాలి. అప్పుడైనా ఒక్క డెవలపరునే చల్లబరిస్తే ముప్పే. చల్లని మందులోంచి తీసి వెచ్చని నీళ్లలో ముంచితే జెలటిన్ ఒక్కసారిగా ఉబ్బి సన్నటి పగుళ్లు పడుతుంది, ఎండిన చెరువు నేలలా. తెర మీద మొహమంతా వల కప్పినట్టుంటుంది. డెవలపరు, నీళ్లు, హైపో అన్నీ ఇంచుమించు ఒకే వేడిలో ఉండాలి. ఐసు దొరకని చోట డెవలపరులో సోడియం సల్ఫేటు కలిపి ఉబ్బు తగ్గించేవారు, క్రోమ్ ఆలమ్, ఫార్మలిన్ లాంటి వాటితో పొరను గట్టిపరిచేవారు. గట్టిపరిచేది ఎక్కువైతే ఫిల్ము పెళుసెక్కి ప్రొజెక్టరులో చిల్లుల దగ్గర చిట్లుతుంది. దేనికదే తూకం.

నీళ్ల సంగతి ఇంకొకటి. కాలువ నీళ్లలో ఒండ్రు. తేర్చి, వడకట్టి వాడకపోతే మెత్తటి పొరలో ఇసుక రేణువు దిగబడి, తెర మీద గులకరాయంత కనపడుతుంది. హైపో సరిగ్గా వదలకపోతే ఆ రోజు ఏమీ తెలియదు, కొన్నేళ్లకు బొమ్మ పసుపెక్కి వెలిసిపోతుంది. అందుకని ఫిల్ము నుంచి కారే నీళ్లలో ఓ చుక్క పొటాషియం పర్మాంగనేటు వేసి చూసేవారు. ఊదారంగు పోతే హైపో ఇంకా ఉన్నట్టు, మళ్లీ కడగాలి. చివరికి పెద్ద కొయ్య డ్రమ్ముకు చుట్టి తిప్పుతూ ఆరబెట్టాలి. వానాకాలం ఆరదు, నీటి బొట్టు ఉన్నచోట గుండ్రటి మరక. ఎండాకాలం తొందరగా ఆరుతుంది, కానీ దుమ్ము.

దక్షిణాదిన తొలి కథా మూకీ ‘కీచక వధ’ తీసిన నటరాజ మొదలియార్ మద్రాసులో షూటింగ్ చేసి, ఫిల్ము కడిగే ఏర్పాటు బెంగుళూరులో పెట్టుకున్నారు. కారణం ఆ ఊరి చల్లదనమే. ఆయన సినిమా 6,000 అడుగులు, సెకనుకు 16 ఫ్రేముల లెక్కన గంటా నలభై నిమిషాలు. నెగటివు మొత్తం రైలెక్కి వెళ్లి కడిగించుకు రావాలి. అక్కడి నుంచి కబురొచ్చేదాకా ఇక్కడ తీసింది బాగా వచ్చిందో లేదో తెలియదు. ఈ లోపల సెట్టు విప్పేస్తే మళ్లీ తీయడానికి ఏమీ మిగలదు. మన కాకినాడ చిత్తజల్లు పుల్లయ్య గారు 1920లలో సొంత ఊళ్లోనే మార్కండేయ కథను మూకీగా తీశారు. గోదావరి జిల్లా ఉక్కలో, అంత చిన్న ఊళ్లో ఆ పనికి పూనుకోవడం నా దృష్టిలో ఆయన తర్వాత తీసిన పెద్ద టాకీలన్నిటికన్నా సాహసం.

ఇక చూపించడం. మన విజయవాడకు ఇక్కడే పెద్దపీట. 1921లో పోతిన శ్రీనివాసరావు గారు ఈ ఊళ్లో మారుతీ సినిమా హాలు పెట్టారు. ఆంధ్ర ప్రాంతంలో శాశ్వతంగా కట్టిన తొలి హాలుగా దాన్నే చెబుతారు. ‘భీష్మ ప్రతిజ్ఞ’ ఏడాదే ఇదీ.

ప్రొజెక్టరులో వెలుగు కార్బన్ ఆర్క్ నుంచి వస్తుంది. రెండు కార్బన్ కడ్డీల కొసలు ఒకదానికొకటి తాకించి, కొద్దిగా ఎడం చేస్తే మధ్యలో మంట నిలుస్తుంది. దీనికి డీసీ కరెంటు కావాలి. పాజిటివ్ కడ్డీ కొసన గుంట పడి, ఆ గుంటలోంచే అసలు వెలుగు వస్తుంది. అది తొందరగా అరుగుతుంది కాబట్టి దాన్ని లావుగా చేస్తారు. ఆర్క్ దగ్గర 50, 55 వోల్టులు చాలు, కానీ సర్క్యూట్లో రెసిస్టెన్సు లేకపోతే కరెంటు పెరిగేకొద్దీ మంట ఇంకా లాగేసుకుని కడ్డీలు, వైర్లు తగలబడతాయి. కడ్డీలు అరుగుతుంటే ఆపరేటరు మరతో దగ్గరికి జరుపుతూనే ఉండాలి. ఎడం ఎక్కువైతే బుస్సుమని తెర మీద వెలుగు అదురుతుంది, ఇంకాస్త ఆలస్యమైతే ఆరిపోతుంది. మరీ దగ్గరైతే గుంటకు నెగటివ్ కడ్డీ అడ్డం పడి బొమ్మ మసకబారుతుంది. కరెంటు లైను లేని ఊళ్లో ఇదంతా ఆయిలింజను, డైనమో మీద. ఇంజను దమ్ము తగ్గితే వెలుగు తగ్గుతుంది, నేల టిక్కెట్ల వాళ్లు ఈలలు వేస్తారు.

ఫిల్ము నడిచే తీరు చూడండి. ప్రతి ఫ్రేమూ ఆర్క్ వెలుగు పడే చోట, అంటే గేటులో, ఒక క్షణం కదలకుండా ఆగాలి, ఆ తర్వాత చటుక్కున దిగాలి. శిలువ ఆకారపు చక్రం ఒకటి ఈ ఆగి ఆగి నడిపే పని చేస్తుంది. గేటుకు పైనా కిందా ఫిల్మును కొంచెం వదులుగా మెలి వదలాలి, అదే లూపు. రీలు ఆగకుండా తిరుగుతుంటే గేటులో ఫిల్ము ఆగి ఆగి నడుస్తుంది కదా, ఆ తేడాను లూపు మింగుతుంది. లూపు పోతే బొమ్మ దడదడలాడుతుంది, క్షణాల్లో చిల్లులు చిరుగుతాయి. ఫిల్ము అతకడానికి ముందు ఒక కొస మీది జెలటిన్ పొరను బ్లేడుతో పూర్తిగా గీకేసి, ఫిల్ము సిమెంటు పూసి, ఓ పది పదిహేను సెకన్లు గట్టిగా అదిమి పట్టాలి. గీకుడులో పొర మిగిలితే ఆ అతుకు ఆ రాత్రే విడిపోతుంది.

ఆ ఫిల్ము సెల్యులోజ్ నైట్రేటు. అంటుకుంటే ఆపలేం, తన ఆక్సిజన్ తనలోనే ఉంటుంది కాబట్టి నీళ్లలో ముంచినా మండుతుంది. ఆర్క్ వెలుగు గేటులో ఒకే ఫ్రేము మీద కొద్ది సెకన్లు నిలిస్తే చాలు. అందుకే వేగం పడిపోగానే వాలిపోయే సేఫ్టీ షట్టరు, ప్రొజెక్టరు ఉండే క్యాబిన్‌కు రేకు గోడలు, కిటికీ కంతలకు నిప్పు తగలగానే జారిపడే మూతలు, మూలన ఇసుక బకెట్లు, తడి దుప్పటి. హాళ్లకు లైసెన్సు, భద్రత కట్టుదిట్టం చేసిన 1918 నాటి సినిమాటోగ్రాఫ్ చట్టం వెనక ఈ భయం ఉంది. టూరింగ్ టాకీసుల్లో గుడారానికి దూరంగా క్యాబిన్ వేయించేదీ ఇందుకే.

టాకీలు వచ్చాయి. ‘ఆలం ఆరా’ 1931 మార్చి 14న. మన ‘భక్త ప్రహ్లాద’ హెచ్.ఎం.రెడ్డి గారి దర్శకత్వంలో బొంబాయిలో తయారైంది. మునిపల్లె సుబ్బయ్య గారు హిరణ్యకశిపుడు, సురభి కమలాబాయి గారు లీలావతి. 1931 సెప్టెంబరు 15 విడుదల అని చాలాకాలం రాసుకున్నాం. రెంటాల జయదేవ గారి పరిశోధనతో సెన్సారు 1932 జనవరి 22న జరిగిందని, విడుదల బొంబాయిలో 1932 ఫిబ్రవరి 6న అని తేలింది. ఇకనైనా పాత తేదీ రాయడం మానాలి.

మన నటులకు టాకీ కొత్త పరీక్ష పెట్టింది. రంగస్థలం మీద పద్యం అంటే రాగాలాపన, వన్స్‌మోర్, మళ్లీ రాగం. కెమెరాలో 400 అడుగుల మేగజైను (ముడి ఫిల్ము పెట్టే డబ్బా) ఉంటే, సెకనుకు 24 ఫ్రేముల లెక్కన నిమిషానికి 90 అడుగులు. నాలుగున్నర నిమిషాలు కూడా రాదు. వెయ్యి అడుగులైతే పదకొండు నిమిషాలు. పద్యం సగంలో ఫిల్ము అయిపోతే మళ్లీ మొదటి నుంచి. పాటను ముందే రికార్డు చేసి పెట్టుకునే ప్లేబాక్ లేదు. నటుడు పాడుతుంటేనే తీయాలి, హార్మనీ, తబలా కెమెరాకు కనపడకుండా దగ్గర్లోనే కూర్చోవాలి. మైకు అన్ని వైపుల నుంచీ వింటుంది, కెమెరా కరకర కూడా వింటుంది, కాబట్టి కెమెరాను పెట్టెలో బంధించారు. మొహం పక్కకు తిప్పితే గొంతు పడిపోతుంది. చివరి వరస దాకా వినపడేలా గొంతెత్తి పాడడానికి అలవాటుపడ్డ మహానటుడు ఎదురుగా మైకు ఉందని గొంతు తగ్గించి పాడాలి. తొలి టాకీల్లో నటులు బిగదీసుకుని నిలబడ్డారని ఇవాళ తేలిగ్గా అంటాం. మైకును వదిలి కదిలితే మాట ఉండదు, అందుకు నిలబడ్డారు.

ప్రింటులో శబ్దం గీత, అంటే ఫిల్ము అంచు వెంట శబ్దాన్ని ముద్రించిన సన్నటి పట్టీ, దాని బొమ్మకు 20 ఫ్రేములు ముందుంటుంది. గేటులో ఫిల్ము ఆగి ఆగి నడుస్తుంది, శబ్దానికి నిలకడ నడక కావాలి, అందుకని శబ్దం చదివే చోటు గేటు కింద ఎడంగా ఉంటుంది. మూకీలు ఆడించిన చేతికి ఇది కొత్త. లూపు మూడు ఫ్రేములు పెద్దదైతే సెకనులో ఎనిమిదో వంతు తేడా వచ్చి పెదవి, మాట కలవవు. అతుకు మీదుగా శబ్దం గీత పోతే ‘టప్పు’మంటుంది, ఆ చప్పుడు వినపడకుండా దాని మీద ఆపరేటర్లు నల్ల సిరాతో త్రికోణం వేసేవారు.

శబ్దం తీసే స్టూడియోలు దక్షిణాదిన లేక మన నాటక సమాజాలు బొంబాయి, కొల్హాపూరు, కలకత్తా రైళ్లెక్కాయి. పుల్లయ్య గారి 1934 నాటి ‘లవకుశ’ కలకత్తాలో ఈస్ట్ ఇండియా ఫిల్మ్ కంపెనీలో తయారైంది. సీత అప్పటి గుంటూరు జిల్లా మురికిపూడి ఆడపడుచు శ్రీరంజని. అదే ఏడాది మద్రాసులో ఎ.నారాయణన్ శ్రీనివాస సినీటోన్ పెట్టారు, అక్కడ శబ్దగ్రహణం చేసింది ఆయన భార్య మీనాక్షి. వేల్ పిక్చర్స్ ‘సీతా కల్యాణం’ కూడా 1934లోనే మద్రాసులో తీశారు. ఆంధ్ర నేల మీద రాజమండ్రిలో నిడమర్తి సూరయ్య గారు దుర్గా సినీటోన్ కట్టారు, విశాఖలో ఆంధ్రా సినీటోన్ వెలిసింది. రెండూ నిలదొక్కుకోలేదు. నా అంచనా చెబుతాను: స్టూడియో అంటే ఫ్లోరు ఒక్కటే కాదు. ల్యాబు, ముడి ఫిల్ము, రిపేరు చేసే మెకానిక్కు, ఖాళీగా ఉన్నా జీతమిచ్చి కూర్చోబెట్టవలసిన సౌండు మనిషి, ఇవన్నీ కావాలి. ఏడాదికి ఒక సినిమాతో వాటిని పోషించలేరు.

అందుకే మద్రాసులో ఫ్లోర్లు, విజయవాడలో డబ్బు అన్న ఏర్పాటు కుదిరింది. ఇక్కడి పంపిణీదారు అడ్వాన్సు ఇస్తే అక్కడ కెమెరా తిరిగేది. గూడవల్లి రామబ్రహ్మం గారు కృష్ణా జిల్లా నందమూరు మనిషి. చల్లపల్లి రాజా గారి సారథి సంస్థలో 1938లో ‘మాలపిల్ల’, 1939లో ‘రైతుబిడ్డ’ తీశారు. ఒక జమీందారు పెట్టుబడితో జమీందారీని ఎదిరించే సినిమా తీయడం ఆ రోజుల్లో ఆషామాషీ వ్యవహారం కాదు.

ఇందులో చాలా వరకు ఇవాళ చూడ్డానికి లేదు. ‘భీష్మ ప్రతిజ్ఞ’ లేదు, తొలి ‘భక్త ప్రహ్లాద’ లేదు. దేశంలో సుమారు 1,300 మూకీలు తీస్తే మిగిలినవి 30 కూడా లేవంటారు. ఈ సభలో పాత హాళ్ల కుటుంబాలవాళ్లు, పంపిణీ ఆఫీసులు నడిపినవాళ్ల పిల్లలు ఉండొచ్చు, మీకు ఒక మనవి. అటక మీద పాత ఫిల్ము డబ్బా దొరికితే విప్పి గుంజకండి, ఎండలో పెట్టకండి, ప్రొజెక్టరుకు ఎక్కించకండి, పోస్టులో అసలు పంపకండి. 1950ల మొదటి దాకా వచ్చింది చాలావరకు నైట్రేటే. అంచున ఇంగ్లీషులో ‘సేఫ్టీ’ అని ఉంటే అంత తేలిగ్గా అంటుకోని ఎసిటేటు ఫిల్ము, వెనిగరు వాసన వస్తే అది చెడడం మొదలైనట్టు. నైట్రేటు అయితే ముందు బొమ్మ గోధుమరంగుకు తిరుగుతుంది, తర్వాత జిగురు, తర్వాత నురగ బుడగలు, ఆపైన గడ్డకట్టి చివరికి పొడి. జిగురు దశకు ముందే అయితే కాపాడవచ్చు. డబ్బాను ఇంట్లో వంటగదికి, కరెంటు మీటరుకు దూరంగా, చల్లగా, గాలి ఆడే చోట పెట్టి, 1964లో మొదలైన పుణె జాతీయ ఫిల్మ్ ఆర్కైవ్‌కు ముందు ఉత్తరం రాయండి. ఎలా తరలించాలో వాళ్లు చెబుతారు.

ఫిల్ము లేకపోయినా పాటల పుస్తకం ఉండొచ్చు. కథ సగం చెప్పి ‘తరువాతి కథ వెండితెరపై చూడండి’ అని ఆపేసే ఆ చిన్న పుస్తకాల్లో తారాగణం, పాటలు, కంపెనీ పేరు, ముద్రించిన ప్రెస్సు అన్నీ ఉంటాయి. కరపత్రాలు, టిక్కెట్టు పుస్తకాలు, హాలు జమాఖర్చు చిట్టాలు కూడా అంతే విలువైనవి. లామినేషన్ చేయించకండి, సెలోటేపు వేయకండి, పిన్నులుంటే తుప్పు పట్టకముందే తీసేయండి. వెనకాల మెత్తటి పెన్సిలుతో ఎవరి దగ్గర, ఏ ఊళ్లో దొరికిందో రాసి, రెండు వైపులా ఫొటో తీసి పెట్టండి. అలాంటివి ఎవరి దగ్గరైనా ఉంటే సభ అయ్యాక నాకు చూపించండి. ఇక ప్రశ్నలు అడగండి.